'సహజ నటన' వెనక దాగిన శ్రమ: 'వనజ'లో మమతా భూక్యా

నటీమణుల చరిత్ర రాసేటప్పుడు మనం మొదట లెక్కపెట్టేది సినిమాల సంఖ్య. వంద సినిమాలు చేసినామెకు జీవితచరిత్ర, పది చేసినామెకు ఒక పేరా, ఒక్కటి చేసినామెకు తారాగణంలో ఒక పేరు. రచయిత్రుల విషయంలో ఈ లెక్కను స్త్రీవాద విమర్శ ఎప్పుడో పక్కన పెట్టింది. ముప్పయ్యేళ్ళు దాటీ దాటకముందే, 1905లో కన్నుమూసిన భండారు అచ్చమాంబను తెలుగు కథ తొలిరోజుల్లోకి మళ్ళీ తెచ్చుకున్నది స్త్రీల సాహిత్య చరిత్రను వెతికినవాళ్ళే. ఎన్ని రాసిందని కాదు, ఏం రాసిందని అడిగాం. ఆ ప్రశ్న నటుల దగ్గరికి వచ్చేసరికి ఎందుకు ఆగిపోతోంది?

'వనజ' (2006)లో కథానాయిక మమతా భూక్యా గురించి ఆలోచిస్తున్నప్పుడల్లా నాకీ ప్రశ్న వస్తుంది. రజనేష్ దోమలపల్లి కొలంబియా విశ్వవిద్యాలయంలో తన ఎం.ఎఫ్.ఎ. థీసిస్‌గా తీసిన తెలుగు సినిమా అది. టొరంటో చిత్రోత్సవంలో చూపించారు. 2007లో బెర్లిన్‌లో ఉత్తమ తొలి చిత్రం బహుమతి వచ్చింది. అమెరికాలో ఇండిపెండెంట్ స్పిరిట్ అవార్డులకు తొలి చిత్రం, ఛాయాగ్రహణం విభాగాల్లో నామినేట్ అయింది. మా కడప, కర్నూలు వైపు సాహిత్యం చదువుకున్నవాళ్ళలో కూడా చాలామందికి ఆ సినిమా పేరే తెలియదు.

కథ మనకు కొత్తది కాదు. చేపలు పట్టుకు బతికే తండ్రి, తల్లి లేని పదిహేనేళ్ళ పిల్ల. నాట్యం నేర్చుకోవాలన్న ఆశతో ఒకప్పటి నర్తకి అయిన దొరసాని రమాదేవి ఇంట్లో పనికి కుదురుతుంది. కోళ్ళకు మేత వేస్తూ, దొరసాని మనసు గెలుచుకుని కూచిపూడి నేర్చుకుంటుంది. అమెరికా నుంచి వచ్చిన దొరసాని కొడుకు ఎన్నికల్లో నిలబడతాడు. ఆ పిల్ల తెలివికి చిన్నబోతాడు, ఆమె మీద అత్యాచారం చేస్తాడు. తర్వాత కడుపు, బిడ్డ, ఆ బిడ్డ ఎవరికి చెందాలన్న బేరం.

ఈ సినిమా నటులంతా కెమెరాకు కొత్తవాళ్ళు. అందుకే మెచ్చుకున్నవాళ్ళు మమత గురించి 'సహజ నటన' అన్నారు. మెప్పుకోలుగానే అన్నారు, కాదనను. కానీ ఆ మాట ఏం దాస్తోందో చూద్దాం. ఈ పాత్ర కోసం ఆ అమ్మాయి దాదాపు ఏడాదిపాటు కూచిపూడి నేర్చుకుంది. సినిమాలో నాట్యం ఒక్కచోట వచ్చి పోయే పాట కాదు. ఏమీ రాని పిల్ల, అడుగు తప్పే పిల్ల, అడుగు కుదిరిన పిల్ల, దెబ్బతిన్న తర్వాత మళ్ళీ ఆడే పిల్ల: ఈ నలుగురినీ ఒకే శరీరం చూపించాలి. వచ్చిన అడుగును రానట్టు వేయడం వచ్చినదాన్ని వచ్చినట్టు వేయడం కంటే కష్టమని నాట్యం నేర్చుకున్న ఎవరినడిగినా చెబుతారు. స్నేహితురాలితో పకపకా నవ్వే మొదటి సన్నివేశాల్లోని వనజకీ, బిడ్డ పుట్టాక వనజకీ చూపులో తేడా ఉంది. ఇది పుట్టుకతో వచ్చే సహజత్వం కాదు, సాధన.

కష్టాన్ని సహజం అనడం ఆడవాళ్ళకు కొత్తేమీ కాదు. వంట సహజం, పిల్లల్ని పెంచడం సహజం. కింది కులాల స్త్రీల విషయంలో అయితే పాటా సహజమే, ఆటా సహజమే. నేర్చుకున్నారని ఒప్పుకుంటే విద్వత్తు ఉందని ఒప్పుకోవాలి మరి. కూచిపూడి చరిత్రలోనే ఈ మెలిక ఉంది. బ్రాహ్మణ కుటుంబాల మగవాళ్ళు స్త్రీ వేషం కడితే అది శాస్త్రమైంది, కళ అయింది. కళావంతుల ఆట మాత్రం 1947 చట్టం నాటికి సిగ్గుపడాల్సిన విషయమైపోయింది. ఆ నాట్యం చేపలు పట్టేవాడి కూతురి ఒంటిమీదికి రావడమే 'వనజ'లోని అసలు ఘర్షణ. దాన్ని తెరమీద మోసింది మమత.

అదే 2006లో కె.ఎన్.టి. శాస్త్రి 'కమ్లి' వచ్చింది. ఆసుపత్రిలో మారిపోయిన బిడ్డ కోసం పోరాడిన లంబాడీ స్త్రీ కథ. కమ్లిగా నందితా దాస్ నటించారు. ఆమె నటనను తక్కువ చేయడం నా ఉద్దేశం కాదు. భూక్యా అన్న ఇంటిపేరు తెలుగు తెరమీద కథానాయిక పేరు పక్కన మనం ఎన్నిసార్లు చూశామన్నదే నా ప్రశ్న. వ్యాపార సినిమా సంగతి చెప్పనే అక్కర్లేదు. 'ఒక్కడు' (2003)లో మా కర్నూలు అమ్మాయిగా భూమికా చావ్లా కనిపించింది. ఆ రోజుల్లో చాలామంది కథానాయికలకు ముఖం ఒకరిది, గొంతు ఇంకొకరిది. ఇక ఫ్యాక్షన్ సినిమాల్లో సీమ ఆడవాళ్ళకు మిగిలింది విధవరాలి ఏడుపు, తల్లి శపథం.

కడప జిల్లాలోనే 1885లో పుట్టిన సురభి నాటక సమాజంలో ఆడపిల్లకు నటన ఇంటి పని, ఇంటి విద్య. మొదటి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద'లో లీలావతిగా నటించిన కమలాబాయి ఆ కుటుంబాల్లోంచే వచ్చింది. ఒక వేషం అయిపోతే ఇంకొకటి ఇచ్చే సమాజం ఆమె వెనక ఉంది. 'దాసి' (1988)లో కమలాక్షిగా జాతీయ అవార్డు పొందిన అర్చన వెనక అప్పటికే వృత్తి ఉంది. బడికి వెళ్ళే వయసులో సినిమాలోకి వచ్చిన అమ్మాయికి ఈ రెండూ లేవు. తొలి చిత్రం బహుమతి దర్శకుడికి రెండో సినిమా దారి చూపిస్తుంది. నటి తొలి అడుగుకు అలాంటి దారి చూపే వ్యవస్థ స్వతంత్ర సినిమాకు ఇక్కడ లేదు. 2018లో 'కేరాఫ్ కంచరపాలెం' వచ్చినప్పుడూ ఊరివాళ్ళు 'ఎంత సహజంగా చేశారో' అన్నారు. మళ్ళీ అదే మాట.

మా ఎం.ఏ. పిల్లలకు 'వనజ' చూపించినప్పుడు ఒకమ్మాయి అడిగింది: "ఆ పాప ఆమీదట ఏమాయ మేడం? ఇంకే సినిమాలూ చేయలేదా?" ఆ ప్రశ్నలో ప్రేమ ఉంది, దిగులూ ఉంది. కాలేజీ వార్షికోత్సవంలో ఒక్కసారి ఆడి, పెళ్ళయ్యాక గజ్జెలు అటకెక్కించిన అక్కలు ఆ పిల్లలందరికీ తెలుసు. ఒక కథ అచ్చయ్యాక కలం పక్కన పెట్టినవాళ్ళు మనలోనూ ఉన్నారు. ఆమె తర్వాతి జీవితం ఆమె సొంతం, దాన్ని మనం తవ్వనక్కర్లేదు. కానీ తర్వాత ఏమీ చేయకపోతే చేసింది వృథా అన్న భావం ఆ దిగులులో ఉంటే దాన్ని మాత్రం ఒప్పుకోకూడదు. ఆ అమ్మాయికి నేను చెప్పిందిదే: ముందు ఆ సినిమాను ఇంకోసారి చూడు, ఈసారి ఆమె పాదాలను చూడు. ఎంత నేర్చుకుందో రాసి తీసుకురా.

తెలుగు నటీమణుల చరిత్ర రాయబోయే పరిశోధకురాలు మమతా భూక్యాకు ఒక అధ్యాయం ఇవ్వాలి. ఒక్క సినిమాకు అధ్యాయమా అంటే, అవును. ఆ ఒక్క సినిమాలో ఉన్న పని అంత.