పేర్ల పుస్తకంలో లేని పెంటయ్య

పిల్లల పేర్ల పుస్తకాలు అర్థం చెప్పడానికి నిఘంటువు చాలనుకుంటాయి. ఆ లెక్కన పెంటయ్యంటే చెత్త, పుల్లయ్యంటే పుల్ల. ఇది తప్పు. పుట్టిన బిడ్డలు పోతుంటే, మళ్లీ పుట్టినవాణ్ణి పెంటకుప్ప మీద పెట్టో, పుల్లి విస్తట్లో దొర్లించో తీసుకునేవాళ్లు. వీడు పనికిరాడని చావుని నమ్మించడానికి! సినీదర్శకుడు చిత్తజల్లు పుల్లయ్యని చూస్తే, ఇవి మాలమాదిగలకే పరిమితమైన పేర్లు కావని తెలుస్తుంది.

మరి నీచత్వం ఎక్కడిది? మనుస్మృతి రెండో అధ్యాయం శూద్రుడికి జుగుప్స పుట్టించే పేరు పెట్టమంది. అవర్ణుల ఊసే లేదక్కడ. ఆ శాసనాన్నీ తల్లి దుఃఖాన్నీ ఒకే గాటన కట్టకూడదు.

కైకలూరు మండలం కొల్లేటికోటలోని పెద్దింట్లమ్మ పేరు పెట్టుకున్న పిల్లకి అర్థం నిఘంటువులో దొరకదు, కొల్లేట్లో దొరుకుతుంది. పంతుళ్లు హాజరుపట్టీలో పేరు ‘బాగుచేసే’ ముందు ఆ ఇంటి ముసలమ్మని అడగాలి.