చిమ్మట కంటి పనితనం

నరసాపురంలో లేసు అల్లే ఆడవాళ్ల చూపంతా సూది కొన మీదే. ఆ వేళ కళ్లజోడులో ట్యూబులైటు మెరిస్తే కుట్టు కనబడదు. మామూలు అద్దం రెండు వైపులా కలిపి దాదాపు 8 శాతం వెలుగును వెనక్కి పంపేస్తుంది. ఆ మెరుపును చెరిపే పలుచని పూత ఎంత మేలో కళ్లు నొప్పెట్టినవాళ్లకే తెలుసు. దానికన్నా నాకు అబ్బురం చిమ్మట కన్ను! దాని నిండా దాదాపు 200 నానోమీటర్ల బొడిపెలు, వెలుగు తరంగం కన్నా చిన్నవి. మొన తేలి, కిందికి పోనుపోను లావెక్కుతాయి. అందుకే గాలి ఎక్కడ ఆగిందో, కన్ను ఎక్కడ మొదలైందో వెలుగుకు అంతుపట్టదు. మెత్తగా లోపలికి దిగిపోతుంది. చీకట్లో దొరికే కాస్త వెలుగూ వృథా కాదు. ఆ బొడిపెల అచ్చునే ఇప్పుడు ప్లాస్టిక్ పొరల మీద ఒత్తుతున్నారు. ఏటవాలుగా పడ్డ వెలుగునూ అది లోపలికే పంపుతుంది. వేలి జిడ్డు మాత్రం ఆ సందుల్లో ఇట్టే పట్టేస్తుంది.