ఎరువుబొమ్మలు

గోదావరి పొంగినప్పుడెల్ల టెలివిజనువారు మనకు నీళ్లను జూపుదురు. ఆ నీళ్లు ఏ సంవత్సరపువో చెప్పువారు తక్కువ. సారపాక ఒడ్డున నిలిచి చూచిన వానికి 1986 ఆగస్టునాటి వరదయు, 2022 జూలైనాటి వరదయు ఒకటి కావు. భద్రాచలమువద్ద మొదటిది 75.6 అడుగులకును, రెండవది 71.3 అడుగులకును ఎక్కినవి. రెండవమారు వంతెనమీద రాకపోకలే నిలిపివేసిరి. ఆ నాలుగడుగుల తేడాలో ఎవని యిల్లు మునిగినదో, ఎవని యిల్లు మిగిలినదో తేలును. అట్టిచోట పాతదృశ్యమును తేదీ లేక కొత్తదాని నడుమ నతికించుట అలంకారము కాదు, అబద్ధము.

పాతబొమ్మను ఎరువు తెచ్చుకొనుట తప్పని నే ననను. ఎవరు తీసినది, ఎప్పటిది, ఎవరి సెలవుతో తెచ్చినది యని అడిగిన జవాబుండవలెను. ఫిలిము ఎవరి బీరువాలో నున్నదో హక్కును వారిదే యను భ్రమ మనవారిలో గట్టిగా నున్నది. 1957 నాటి కాపీరైటు చట్టము ప్రకారము చలనచిత్రమునకు కర్త దాని నిర్మాత. ఆ హక్కు విడుదలైన పిమ్మట 60 ఏండ్లు నిలుచును. 1964లో పూనాలో వెలసిన జాతీయ చలనచిత్ర భాండాగారము ప్రతిని కాపాడును గాని, కాపాడినంతమాత్రమున హక్కు దానికి సంక్రమింపదు. కనుక దృశ్యము కోరువాడు బొమ్మ నిచ్చువాని తలుపును, సెలవిచ్చువాని తలుపును వేరువేరుగ తట్టవలెను. లోపల పాట యుండెనా, మూడవ తలుపును గలదు. (ఇక్కడనే పెక్కుమంది యలసి, ఇంటర్నెట్టునుండి దొంగిలింతురు.) ఏ దేశమున, ఎన్నేండ్లు, సినిమాహాలులోనా టెలివిజనులోనా యని పత్రమున వ్రాయించుకొనని వాడు రెండవమారు రుసుము చెల్లింపక తప్పదు.

ఇంతవరకు చట్టము. చట్టమునకు పట్టని సంగతి వేరొకటి కలదు. సారపాకనుండి ఏటివెంట దిగువకు పోయిన పాపికొండలు వచ్చును. అచ్చటి కొండరెడ్లను గూర్చి హైమెన్‌డార్ఫ్ పండితుడు 1945లో గొప్ప గ్రంథమును ప్రకటించెను. ఆయన తీసిన ఛాయాచిత్రములును, చలనచిత్రములును లండనునందలి సోయాస్ విద్యాపీఠమున భద్రముగా నున్నవి. అవి యచ్చట నుండుట మన యదృష్టమే. మనచేతిలో నున్న చెదలు తినియుండును. కాని ఆ ముఖముల వారసులకు తమ తాతల బొమ్మపై హక్కు లేదు. రుసుము చెల్లించిన నిర్మాత ఆ ముఖమునకు ఏ వ్యాఖ్యానమును తగిలించినను, ఆ కొండలవారిని ఒకమాట అడుగు ఆచారము మనకు లేదు. పోలవరము జలాశయమునకై ఆ తీరపు టూళ్లు పెక్కు ఖాళీ చేయింపబడినవి. వారి యేరు, వారి పెరడు ఇక బొమ్మలలో మాత్రమే చూడదగినవి.

సెలవుపత్రమున నింకొక పంక్తి చేర్చుటకు ఖర్చెంత? దృశ్యమున గనబడు నూరికి ఒక ప్రతి ముట్టజెప్పవలెనని నిర్మాతయు, భాండాగారమువారును వ్రాసికొనవచ్చును. ఊరు లేనిచోట, పునరావాసపు కాలనీలోని బడికి.