786: అక్షరములు, అంకెలు, మర్మములు

కర్నూలు, కడప పట్టణాలలో అంగళ్ళ గోడలమీద, లారీల నొసట 786 అను అంకె తరచు కనిపించును. ఇది ‘బిస్మిల్లా’ వాక్యమునకు గుర్తు. వాక్యము అంకెగా ఎట్లు మారినది?

అరబ్బీలోని 28 అక్షరములకు విలువలు కలవు. అలిఫ్ 1, బే 2, జీమ్ 3, దాల్ 4. పిదప పదులు, వందలు, చివరకు 1000. దీనికి అబ్జద్ అని పేరు. ఖగోళ పట్టికలు చాలకాలము ఈ అక్షరములతోనే వ్రాసిరి. ఇందు మర్మమేమియు లేదు. మన కటపయాది వంటిదే. అందులో జ 8, య 1. కుడినుండి చదివిన ‘జయ’ 18 అగును.

బిస్మిల్లాలోని నాలుగు పదముల విలువలు 102, 66, 329, 289. మొత్తము 786. కూడిక సరియే, చిక్కు వేరొకచోట నున్నది. ‘రహ్మాన్’లో పలుకుచు సాధారణముగా వ్రాయని దీర్ఘమును లెక్కించినచో 787 వచ్చును. మొరాకో వైపు పూర్వపు లెక్కలో సీన్ అక్షరము విలువ 60 కాదు, 300. అక్కడ ఇదే వాక్యము 1026! పవిత్ర వాక్యమున్న కాగితము కాళ్ళక్రింద పడరాదని భక్తులు అంకె వ్రాసుకొన్నచో ఎవరికిని పేచీ లేదు. ఆ అంకెలోనే శక్తి గలదనుట మాత్రము నిలువదు.

13వ శతాబ్ది నాటి అల్ బూనీ పేర ప్రచారమైన గ్రంథములు ఈ శక్తినే బోధించినవి. తాయెత్తులలోని అంకెల చదరములు ఆ సంప్రదాయమునకు చెందినవే. వానిలో సులభమైనది ఇది:

4 9 2
3 5 7
8 1 6

ఎటు కూడినను 15. అన్నియు కలిపిన 45. అబ్జద్‌లో ఆదమ్ 45, హవ్వా 15. మూలలలోని 2, 4, 6, 8 అక్షరములైనచో ‘బుదూహ్’ అను మంత్రపదము. వినుటకు ఎంత ముచ్చట! కాని 1 నుండి 9 వరకు కూడిన ఏ భాషలోనైనను 45 వచ్చును. మూడు సమాన వరుసలైనచో ఒక్కొక్కటి 15 కాక తప్పదు. నడుమ గడిగుండా పోవు నాలుగు వరుసల మొత్తము 60. వానిలో తక్కిన గడులు ఒక్కొక్కసారి, నడుమది నాలుగుసార్లు వచ్చును. 60 నుండి 45 తీసివేయగా మిగిలిన 15 నడుమ అంకెకు మూడు రెట్లు. కనుక అది 5. ఈ చదరము ప్రాచీన చైనాకును తెలియును. అక్కడ దానికి ఆదమ్ పేరు అక్కరలేకపోయినది.

ఈ విమర్శ బయటివారు తెచ్చినది కాదు. అక్షరములనుండి భవిష్యత్తును రాబట్టు ‘జాయిర్జా’ యంత్రమును 1377లో ఇబ్న్ ఖల్దూన్ పరిశీలించెను. జవాబు ప్రశ్నలోని మాటలకు పొసగవచ్చును గాని, బయట జరుగబోవు దానిని తెలుపజాలదని ఆయన తేల్చెను.