రోమన్ వెండి నాణేల నిక్షేపాలు: కాలనిర్ణయం, సందర్భం – విమర్శనాత్మక పరిశీలన

వ్యాససంగ్రహం:
తెలుగు నేలలో లభించిన రోమన్ వెండి నాణేలను చరిత్రరచన ప్రధానంగా విదేశీ వర్తకానికి నిదర్శనాలుగానే స్వీకరించింది. నిక్షేపానికి అర్థం విడి నాణెంలో కంటే అది లభించిన సందర్భంలోనే ఎక్కువగా ఉంటుందని, ఆ సందర్భం చెదిరితే కాలనిర్ణయమే సందిగ్ధమవుతుందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలక పదాలు: రోమన్ నాణేలు, నిక్షేపం, డెనారియస్, దీనారం, అక్కనపల్లి.

1. ఉపోద్ఘాతం:
హైదరాబాదులోని ఆబిడ్స్, గన్‌ఫౌండ్రీలో పురావస్తుశాఖ సంచాలక కార్యాలయం, నాంపల్లి పబ్లిక్ గార్డెన్స్‌లో రాష్ట్ర మ్యూజియం ఉన్నాయి. తెలుగు ప్రాంతపు నాణేల అధ్యయనానికి ఇవి ముఖ్య కేంద్రాలు. ఆంధ్రప్రదేశ్‌లో లభించిన రోమన్ నాణేలపై పరమేశ్వరీలాల్ గుప్తా రచించిన గ్రంథం 1965లో హైదరాబాదు నుంచే, ప్రభుత్వ మ్యూజియం గ్రంథమాలలో వెలువడింది. ఈ ప్రాంతపు వెండి నిక్షేపాల్లో నల్గొండ జిల్లా అక్కనపల్లిలో దొరికిన 1,531 డెనారియస్ నాణేల రాశి ప్రసిద్ధం. అందులో అగస్టస్, టిబెరియస్ చక్రవర్తుల నాణేలు ప్రధానమైనవి.

2. కాలనిర్ణయంలోని చిక్కు:
టిబెరియస్ పాలనాకాలం క్రీ.శ. 14–37. దీన్నిబట్టి అక్కనపల్లి నిక్షేపం కూడా ఆ కాలానిదేనని భావించడం తొందరపాటు. నాణెం ముద్రితమైన కాలం, ఇక్కడికి చేరిన కాలం, భూమిలో పాతిన కాలం వేర్వేరు. చివరి నాణెం, నిక్షేపం అంతకు ముందుది కాదని మాత్రమే చెప్పగలదు. క్రీ.శ. 64లో నీరో డెనారియస్ బరువును, వెండి స్వచ్ఛతను తగ్గించాడు. ఆ తరువాత కూడా వర్తకులు మేలైన పాత నాణేలనే ఏరి పంపి ఉండే అవకాశం ఉంది. అప్పుడు టిబెరియస్ బొమ్మ ఉన్న నాణెం అతని మరణానంతర వర్తకానికి కూడా సాక్ష్యం కాగలదు.

3. పదసాక్ష్యం:
నాణెంతోపాటు దాని పేరూ ఈ నేలలో నిలిచింది. నాగార్జునకొండ ఇక్ష్వాకుల శాసనాల్లో 'దీనారి మాషకం' కనిపిస్తుంది. శ్రీనాథుని కనకాభిషేక ప్రసిద్ధిలో 'దీనారటంకాలు' ఉన్నాయి. లాటిన్‌లో డెనారియస్ వెండి నాణెం. సంస్కృతంలో దీనారం బంగారు నాణెమైంది. కాబట్టి పదసామ్యాన్ని మాత్రమే ఆధారం చేసుకుని దీనారం కనిపించిన ప్రతిచోటా రోమన్ నాణేన్ని ఊహించడం శాస్త్రీయం కాదు. పదానికైనా నాణేనికైనా సందర్భమే ప్రమాణం.

4. సందర్భం: నష్టం, లాభం:
1786లో నెల్లూరు సమీపంలో ఒక రైతు నాగలికి ఇటుక కట్టడం అడ్డుపడింది. తవ్వగా చిన్న ఆలయ శిథిలాలు, వాటి కింద రోమన్ బంగారు నాణేలున్న కుండ బయటపడ్డాయి. అవి పాత బంగారంగా అమ్ముడుపోయి చాలావరకు కరిగిపోయాయి. ముప్పైకి పైగా మాత్రం దక్కాయి. దక్కిన వాటిలోని చక్రవర్తులను గుర్తించవచ్చు. అవి దైవానికి సమర్పించినవా, భయంతో దాచినవా అనే ప్రశ్నకు ఆ నాణేలు సమాధానం చెప్పలేవు.

ఇంగ్లండులోని ఫ్రూమ్ వద్ద 2010లో మెటల్ డిటెక్టర్‌తో వెతుకుతున్న వ్యక్తి, కుండ ఉన్నట్లు గ్రహించగానే తవ్వకం ఆపి నిపుణులకు తెలిపాడు. వారు 52,503 నాణేలను పొరలు పొరలుగా వెలికితీశారు. కడపటి కాలానికి చెందిన కరౌసియస్ నాణేల్లో అధికభాగం పైపొరలో కాక, కుండ నడిమికి దిగువన కనిపించాయి. దీనివల్ల అది ఏళ్ల తరబడి కూడబెట్టిన సొమ్ము కాకపోవచ్చని, ఒకేసారి పాతిపెట్టి ఉండవచ్చని తేలింది. ఈ నిర్ణయానికి ఆధారం నాణేల మీది ముద్రలొక్కటే కాదు. కుండలో అవి ఉన్న వరుస కూడా.

5. చట్టం, యంత్రం:
భారతదేశంలో 1878 నాటి ట్రెజర్ ట్రోవ్ చట్టం ప్రకారం పది రూపాయలకు మించిన నిక్షేపం దొరికితే కలెక్టరుకు తెలపాలి. దొరికిన స్థలాన్ని, తేదీని పేర్కొనాలి. అయితే నిక్షేపాన్ని ఖజానాలో జమచేయాలని, లేదా తగిన హామీ ఇవ్వాలని కూడా అదే చట్టం కోరుతుంది. నిపుణులు వచ్చేదాకా దాన్ని కదపవద్దని చెప్పదు. సొమ్ము దక్కించుకోవడంపై ఉన్న శ్రద్ధ సాక్ష్యంపై లేకపోవడం ఈ చట్టంలోని ప్రధాన లోపం. గుప్తనిధుల పేరిట పాత గుళ్లను తవ్వేవారి చేతికి మెటల్ డిటెక్టర్ చేరాక ఈ లోపం మరింత ప్రమాదకరమైంది. ఆ యంత్రం లోహానికి మోగుతుంది. కుండపెంకుకు, మట్టిపొరకు మోగదు.

6. ముగింపు:
ఆదివారం ఆబిడ్స్ కాలిబాటపై కొన్న పాత పుస్తకం ఇంతకుముందు ఎవరి అలమరలో ఉండేదో తెలియకపోయినా చదువుకోవచ్చు. నిక్షేపం నుంచి విడివడిన నాణేనికి ఆ వెసులుబాటు లేదు. దానిపై మిగిలేవి చక్రవర్తి పేరు, బొమ్మ మాత్రమే. అందుచేత పరిశోధకులు ముద్రణ, రాక, పాతివేత అనే మూడు కాలాలను వేరుచేసి చూడాలి. ప్రతి నిక్షేపాన్నీ కుండతో, స్థలంతో సహా ఒకే ఆధారంగా పరిగణించాలి. అప్పుడే అక్కనపల్లి నాణేలు రోము సంపదనే కాక, వాటిని దాచుకున్న నల్గొండ ప్రాంతపు మనుషుల అవసరాలనూ చర్చకు తెస్తాయి.