నవ్వు పుట్టిన కాఫీ కొట్టు

పాత నవ్వును కొత్తగా అమ్మడం ఇవాళ సినిమా వ్యాపారానికి లాభసాటి బేరం. ఇండోనేషియాలో 2016లో వచ్చిన 'వార్కోప్ డీకేఐ రీబార్న్' మొదటి భాగాన్ని 68 లక్షల మందికి పైగా థియేటర్లలో చూశారు. ఆ దేశపు సినిమాలకు అప్పటికది రికార్డు. ఇంతమందిని నవ్వించినదాన్ని చులకన చేయడం విమర్శ కాదు. ఆ నవ్వు ఎక్కడ పుట్టి ఎక్కడికి చేరిందన్నదే నా ప్రశ్న.

వార్కోప్ అంటే కాఫీ కొట్టు. 1973లో జకార్తాలోని ప్రంబోర్స్ రేడియోలో విశ్వవిద్యాలయ విద్యార్థులు కాఫీ కొట్టు కబుర్లుగా నడిపిన హాస్య కార్యక్రమం అది. అది సుహార్తో కాలం. 1965-66లో కమ్యూనిస్టులనీ, సానుభూతిపరులనీ ముద్రవేసి లక్షలాది మందిని చంపి నిలబడ్డ సైనిక పాలన. అభ్యుదయ కళాకారుల సంస్థ 'లెక్రా'ను నిషేధించారు. రచయిత ప్రమూద్య అనంత తూర్ బురు ద్వీపంలో ఖైదీ. 1974 జనవరి విద్యార్థి నిరసనల తర్వాత పత్రికలు మూతపడ్డాయి. 1978 నుంచి విశ్వవిద్యాలయాల్లో రాజకీయాలకే తావు లేకుండా చేశారు. నోరు విప్పలేని చోట జనం ఇలాంటి కబుర్లలోనే కాస్త ఊపిరి తీసుకుంటారు.

దోనో, కాసినో, ఇంద్రోలు 1979లో సినిమాల్లోకి వచ్చారు. ఆ సినిమాలన్నీ ప్రజాకళ అని నేననను. ఆడవాళ్ళ శరీరాలను చూపి నవ్వించిన దృశ్యాలు వాటిలో కోకొల్లలు. అయినా 'చిప్స్' (1982)లో ముగ్గురు చేతకానివాళ్ళు యూనిఫారం తొడుక్కుని సమాజాన్ని ఉద్ధరించబోతే, యూనిఫారం అంటే వణికే ప్రేక్షకుడు కాసేపైనా దాన్ని చూసి నవ్వగలిగాడు.

కాసినో 1997లో, దోనో 2001లో పోయారు. కొత్త సినిమా 'చిప్స్' నుంచే దారం అందుకుంది. వేషం, నడక, మాట విరుపు అచ్చు గుద్దినట్టున్నాయి. యూనిఫారమూ ఉంది. దాన్ని చూసి వణికిన కాలం మాత్రం లేదు. కథను సగంలో ఆపి, మిగతా సగానికి 2017లో మళ్ళీ టికెట్టు కొనిపించారు. నాలుగో భాగం 2020లో థియేటర్లకు రాకుండా నేరుగా డిస్నీ ప్లస్ హాట్‌స్టార్‌లో వచ్చింది. హాట్‌స్టార్ మన దేశంలో పుట్టిన పేరే. రేడియో ఉన్న ప్రతివాడికీ వినబడిన కాఫీ కొట్టు చివరికి చందా కట్టినవాడి ఫోనులోకి చేరింది.

సందర్భం చెప్పకుండా పద్యానికి టీక చెబితే పిల్లవాడు బట్టీ పడతాడు. పరీక్షలో మార్కులూ వస్తాయి. కొత్త వార్కోప్ నాకు అలాంటి బట్టీ పాఠంగానే కనిపించింది. పాత సినిమాలు మళ్ళీ చూద్దాం, నవ్వుదాం. నవ్వుకు కూడా చాటు వెతుక్కోవలసిన రోజులు ఎందుకొచ్చాయో అడుగుదాం. అలాంటి రోజులు మళ్ళీ వస్తే గుర్తుపట్టడానికి ఆ జ్ఞాపకం కావాలి.