రంగం, డీజే, వాన: సికింద్రాబాద్ బోనాలలో ప్రకృతి ప్రసంగం

వాతావరణ మార్పును ఎలక్ట్రానిక్ సంగీతంతో, నృత్యంతో పలికించే ప్రదర్శనలు నేడు అనేక దేశాల్లో వస్తున్నాయి. సికింద్రాబాద్ ఉజ్జయిని మహంకాళి బోనాలలో వానల చింత, డీజే సంగీతం ఒకే వీధిలో ఉన్నా ఒకదానినొకటి పలకరించుకోవు. 1813 నాటి కలరాతో ముడిపెట్టి చెప్పుకొనే ఈ జాతరలో పోతరాజు ఆటకు డప్పే ప్రాణం. డప్పు కొట్టేవాడు ఆటగాడి అడుగును చూసి దరువు మారుస్తాడు. ముందే కూర్చిన డీజే దరువుకు ఆ చూపు ఉండదు. ఆటగాడే దానికి లోబడాలి.

బోనాల మరునాటి రంగంలో పచ్చికుండపై నిలిచిన స్త్రీని వానలను గురించి, పంటలను గురించి అడుగుతారు, ఆమె బదులిస్తుంది. ఇక్కడ ప్రకృతి వర్ణ్యవస్తువుగా మిగలక మాట్లాడే పాత్ర అవుతుంది. అయితే ఈ సంభాషణ ఆపదకు కారణాన్ని తరచు పూజాలోపంలో వెదుకుతుంది. పూడిపోయిన చెరువుల వైపు చూడదు. అది దాని పరిమితి.

2024 అక్టోబరులో హైదరాబాద్ పోలీసులు మతపరమైన ఊరేగింపుల్లో డీజేలను నిషేధించారు. శబ్దతీవ్రత ఒక్కటే సమస్య అయితే ఆ చర్య చాలు. కాని డీజే రాకతో సడలింది ఆటకూ వాద్యానికీ మధ్య సంవాదం. దానిని ఉత్తర్వు తిరిగి తేలేదు. వాతావరణ మార్పును పలకదలచిన ప్రదర్శన ఏ వాద్యాన్ని ఎంచుకున్నా, ప్రేక్షకుణ్ణి ప్రశ్నించి అతని బదులు కోసం ఆగాలి. రంగం నుంచి నేర్వవలసింది ఆ ఆగడమే.